ప్రపంచ పౌరసత్వ విద్య: విధానం, ఆచరణ, కోనసీమ నేపథ్యం

ప్రపంచ పౌరసత్వ విద్య అంటే తన ఊరికీ తక్కిన లోకానికీ ఉన్న సంబంధాన్ని విద్యార్థికి తెలియజెప్పి, తనకంటే భిన్నంగా బతికే మనిషిని సాటిమనిషిగా చూడడం అలవాటు చేసి, తెలుసుకున్నదానికి తగినట్టు నడుచుకునే ధైర్యం ఇచ్చే చదువు. లెక్కలు, సైన్సుల మాదిరిగా టైంటేబుల్లో ఒక పీరియడు కేటాయించి చెప్పే సబ్జెక్టు కాదిది. సాంఘిక శాస్త్రం, భాషలు, పర్యావరణ పాఠాలు, ఉదయం ప్రార్థన సమావేశం, మధ్యాహ్న భోజనపు బంతి, ఇలా బడిలో జరిగే ప్రతిదానిలోనూ ఉండవలసిన దృష్టి. ఐక్యరాజ్యసమితి 2015 సెప్టెంబరులో ఆమోదించిన సుస్థిర అభివృద్ధి లక్ష్యాల్లోని 4.7వ అంశం, 2030 నాటికి చదువుకునే వాళ్ళందరికీ ఈ దృష్టి అందాలని చెప్పింది. భారత జాతీయ విద్యా విధానం-2020 దీన్ని పేరుపెట్టి చేర్చుకుంది.

ఆ విధానాలు ఎలా వచ్చాయో, అమలాపురం కేంద్రంగా ఉన్న కోనసీమలో వాటి ఆచరణకు ఎలాంటి వనరులూ ఎలాంటి అడ్డంకులూ ఉన్నాయో ఈ వ్యాసం వివరిస్తుంది. గోదావరి గౌతమి, వసిష్ఠ పాయల నడుమ, బంగాళాఖాతం ఒడ్డున ఉన్న ఈ సీమ కొబ్బరితోటల చాటున లోకానికి దూరంగా ఉన్నట్టు కనిపిస్తుంది. కానీ ఇక్కడి రొయ్య ధర, ఇంటి ఆదాయం, చెట్టుకు పట్టే తెగులు, నేల కింది గ్యాసు అన్నీ దూరదేశాలతో ముడిపడినవే. కనుక ప్రపంచాన్ని ఇక్కడి పిల్లల దగ్గరికి ఎక్కడినుంచో మోసుకురానక్కర్లేదు. వాకిట్లో ఉన్నదాన్ని చదవడం నేర్పితే ఆ విద్య మొదలవుతుంది. పక్క పేటవాళ్ళను తమతో సమానంగా చూడడం నేర్పినప్పుడే అది పూర్తవుతుంది.

పేరు, భావన

చట్టం దృష్టిలో పౌరసత్వం ఒక దేశానికి చెందినది. భారత రాజ్యాంగంలోని 5 నుంచి 11 వరకు ఉన్న అధికరణాలు, 1955 నాటి పౌరసత్వ చట్టం మనకు ఆ హోదా ఇస్తున్నాయి. ప్రపంచ పౌరసత్వానికి అలాంటి చట్టం లేదు, పాస్‌పోర్టు లేదు. అది హోదా కాదు, ఒక బాధ్యతాభావం. దేశ పౌరసత్వానికి పోటీ కూడా కాదు. ఊరికి, జిల్లాకు, దేశానికి చెందుతూనే మనిషి మానవజాతికీ చెందుతాడన్నది దీని మూలభావన.

ఈ భావన తెలుగునాట కొత్తది కాదు. మహోపనిషత్తులోని ‘వసుధైవ కుటుంబకం’ అన్న మాట పాతదే. 2023లో భారత్ అధ్యక్షతన జరిగిన జీ-20 సమావేశాలకు అదే నినాదమైంది. ఆధునిక కాలంలో దీనికి గట్టి తెలుగు పలుకుబడి ఇచ్చినవాడు గుర్రం జాషువా (1895–1971). అంటరానితనపు అవమానాలు పడిన కవి, కులమతాల గీతలకు లొంగకుండా తనను తాను విశ్వనరుడిగా ప్రకటించుకున్నాడు. ఇక్కడ గమనించవలసినది ఒకటుంది. లోకమంతా నాదేనని జాషువా అన్నది లోకం తిరిగి వచ్చి కాదు, సొంత ఊళ్ళో పక్కన కూర్చోనివ్వకపోతే. కోనసీమలోని మామిడికుదురులో పుట్టిన బోయి భీమన్న (1911–2005) సాహిత్యంలోనూ ఇదే తపన ఉంది. ఆయన ‘గుడిసెలు కాలిపోతున్నాయి’ కావ్యానికి 1975లో కేంద్ర సాహిత్య అకాడమీ పురస్కారం వచ్చింది. తెలుగులో విశ్వమానవ భావన సమానత్వపు కోరికతో కలిసే పెరిగింది. పాఠం చెప్పేవాళ్ళు ఈ రెండింటినీ విడదీయకూడదు.

అంతర్జాతీయ విధానాల పరిణామం

రెండో ప్రపంచయుద్ధం ముగిసిన ఏడాది, 1945 నవంబరులో, యునెస్కో నియమావళి సిద్ధమైంది. యుద్ధాలు మనుషుల మనసుల్లో పుడతాయి కాబట్టి శాంతికి పునాది కూడా అక్కడే వేయాలన్నది దాని ఆలోచన. 1948 డిసెంబరు 10న వెలువడిన విశ్వ మానవహక్కుల ప్రకటన, 26వ అధికరణంలో, విద్య జాతుల మధ్య అవగాహనను, సహనాన్ని, స్నేహాన్ని పెంచాలని పేర్కొంది. 1953లో యునెస్కో అనుబంధ పాఠశాలల వ్యవస్థ 15 దేశాల్లోని 33 బడులతో ఆరంభమైంది. 1974లో అంతర్జాతీయ అవగాహన, సహకారం, శాంతి, మానవహక్కుల విద్యపై సభ్యదేశాలు ఒక సిఫారసును ఆమోదించాయి.

1996లో జాక్ డెలోర్ నాయకత్వంలోని సంఘం ఇరవై ఒకటో శతాబ్దపు చదువుకు నాలుగు స్తంభాలు చెప్పింది. తెలుసుకోవడం, చేయడం, కలిసి బతకడం, మనిషిగా ఎదగడం. వీటిలో మూడోది ప్రపంచ పౌరసత్వ విద్యకు గుండెకాయ. 2012 సెప్టెంబరులో అప్పటి ఐక్యరాజ్యసమితి ప్రధాన కార్యదర్శి బాన్ కీ మూన్ విద్యకు అగ్రతాంబూలం ఇవ్వాలంటూ ఒక ఉద్యమం ప్రారంభించి, అందరినీ బడిలో చేర్చడం, చదువు నాణ్యత పెంచడంతోపాటు ప్రపంచ పౌరసత్వాన్ని మూడో ప్రాధాన్యంగా ప్రకటించాడు. అదే ఏడాది యునెస్కోకు చెందిన మహాత్మాగాంధీ శాంతి, సుస్థిర అభివృద్ధి విద్యా సంస్థ న్యూఢిల్లీలో మొదలైంది. 2015లో యునెస్కో ఏ వయసు పిల్లలకు ఏమి నేర్పాలో వివరిస్తూ మార్గదర్శకాలు వెలువరించి, అభ్యసనాన్ని మూడు రంగాలుగా చూపింది: తెలివికి సంబంధించినది, మనసుకు సంబంధించినది, నడవడికకు సంబంధించినది. 1974 నాటి సిఫారసును 2023 నవంబరులో సవరించి, డిజిటల్ ప్రపంచం, వాతావరణ మార్పు, ద్వేష ప్రచారం వంటి కొత్త సమస్యలను అందులో చేర్చారు.

4.7 లక్ష్యం ఎంతవరకు నెరవేరిందో చూడడానికి నాలుగు చోట్ల వెతకాలని ఐక్యరాజ్యసమితి నిర్ణయించింది. జాతీయ విధానాల్లో ఉందా, పాఠ్యప్రణాళికలో ఉందా, ఉపాధ్యాయ శిక్షణలో ఉందా, విద్యార్థుల మూల్యాంకనంలో ఉందా? ఈ నాలుగు ప్రశ్నలూ ఏ రాష్ట్రానికైనా, ఏ జిల్లాకైనా వేసుకోదగ్గవే.

భారతదేశ విధానం

అంతర్జాతీయ శాంతిని పెంపొందించాలని రాజ్యాంగంలోని 51వ అధికరణం ప్రభుత్వాన్ని ఆదేశిస్తోంది. 1976లో 42వ సవరణ ద్వారా చేరిన 51-ఎ అధికరణం పౌరుల ప్రాథమిక విధులు చెబుతుంది. మతం, భాష, ప్రాంతం అనే తేడాలకు అతీతంగా సోదరభావం పెంచడం, స్త్రీల గౌరవానికి భంగం కలిగించే ఆచారాలు విడిచిపెట్టడం, అడవులు, నదులు, వన్యప్రాణులను కాపాడడం, శాస్త్రీయ దృక్పథం అలవరచుకోవడం అందులో ఉన్నాయి. పేరు వేరైనా ఇవన్నీ ప్రపంచ పౌరసత్వ విద్యలోని అంశాలే.

1986 నాటి జాతీయ విద్యా విధానం లోకాన్నంతా ఒకే కుటుంబంగా భావించే సంప్రదాయాన్ని గుర్తుచేసి, అంతర్జాతీయ సహకారానికి యువతరాన్ని సిద్ధం చేయాలంది. జాతీయ పాఠ్యప్రణాళిక చట్రం-2005 శాంతి కోసం విద్యపై విడిగా ఒక ఆధారపత్రం తయారు చేయించింది. పర్యావరణాన్ని అన్ని తరగతుల్లో తప్పనిసరిగా బోధించాలన్న సుప్రీంకోర్టు ఆదేశాలు 1991 నుంచీ ఉన్నాయి. 2020 జులై 29న కేంద్ర మంత్రివర్గం ఆమోదించిన జాతీయ విద్యా విధానం, బడి స్థాయిలో స్థానిక సమాజం, రాష్ట్రం, దేశం, ప్రపంచం ఎదుర్కొంటున్న సమస్యలను విద్యార్థులు తెలుసుకోవాలని చెబుతూ, ఉన్నత విద్య అధ్యాయంలో ప్రపంచ పౌరసత్వ విద్యను నేరుగా ప్రస్తావించింది. శాంతి, సహనం, భద్రత ఉన్న సమాజాలను నిర్మించేవారిగా విద్యార్థులు ఎదగాలన్నది దాని ఆశయం. మాటల విషయంలో మన విధానాలకు లోటు లేదు.

ఆంధ్రప్రదేశ్‌లో పాఠ్యప్రణాళిక

ఉమ్మడి రాష్ట్రంలో 2011లో రూపొందిన రాష్ట్ర విద్యాప్రణాళిక చట్రం ఆధారంగా వచ్చిన పాఠ్యపుస్తకాలు ఈ దిశలో ఒక మలుపు. పదో తరగతి సాంఘిక శాస్త్రంలో ప్రపంచీకరణ, సమానతతో కూడిన సుస్థిర అభివృద్ధి, వలస, సామాజిక ఉద్యమాలు, పౌరులు–ప్రభుత్వాలు వంటి పాఠాలు చేరాయి. సంవత్సరాలు, రాజుల పేర్లు బట్టీ పట్టడంకంటే ప్రశ్నించడానికి వాటిలో ఎక్కువ చోటిచ్చారు.

ఆ పుస్తకాలతోపాటు వచ్చిన ఆరు విద్యా ప్రమాణాలు ఇంకా విలువైనవి. విషయావగాహన, పాఠ్యాంశాన్ని చదివి వ్యాఖ్యానించడం, సమాచార నైపుణ్యాలు, సమకాలీన అంశాలపై ప్రతిస్పందించి ప్రశ్నించడం, పటనైపుణ్యాలు, ప్రశంస–సున్నితత్వం. యునెస్కో 2015లో తెలివి, మనసు, నడవడిక అని చెప్పిన మూడు రంగాలకు ఈ ఆరూ చాలా దగ్గరగా ఉన్నాయి. అంతర్జాతీయ మార్గదర్శకాలు రాకముందే తెలుగు ఉపాధ్యాయుల చేతిలో అలాంటి పనిముట్టు ఉందన్నమాట. తర్వాతి సంవత్సరాల్లో రాష్ట్రం పైతరగతులకు ఎన్‌సీఈఆర్‌టీ పుస్తకాల వైపు మళ్ళింది. ఒక పేజీ తెలుగు, ఎదుటి పేజీ ఇంగ్లీషు ఉండే ద్విభాషా పుస్తకాలు వచ్చాయి.

ప్రపంచస్థాయి చదువు పేరుతో రాష్ట్రం మరికొన్ని ప్రయత్నాలు చేసింది. ప్రభుత్వ బడుల్లో ఇంగ్లీషు మాధ్యమాన్ని తప్పనిసరి చేస్తూ 2019 నవంబరులో ఇచ్చిన ఉత్తర్వును 2020 ఏప్రిల్‌లో హైకోర్టు కొట్టివేసింది. 2023 సెప్టెంబరులో 10 మంది ప్రభుత్వ పాఠశాలల విద్యార్థులు న్యూయార్క్‌లోని ఐక్యరాజ్యసమితి ప్రధాన కార్యాలయాన్ని సందర్శించారు. 1968లో జెనీవాలో ఏర్పడిన ఇంటర్నేషనల్ బాకలారియేట్ సంస్థతో 2024 జనవరి 31న ప్రభుత్వం ఒప్పందం చేసుకుంది. ప్రభుత్వం మారాక అది ముందుకు సాగలేదు. పేదింటి పిల్లలు న్యూయార్క్ చూడడం సంతోషించవలసిన విషయం. అయితే ఇంగ్లీషు మాధ్యమం, విదేశీ బోర్డు, విదేశీ యాత్ర అనేవి ప్రపంచ పౌరసత్వ విద్యకు సహాయపడగలవే తప్ప, వాటికవే ఆ విద్య కావు. మాతృభాషలో తన ఊరి కాలువ గురించి ఆలోచించలేని పిల్లవాడికి పరభాషలో ప్రపంచం గురించి ఆలోచించడం అలవడదు.

కోనసీమ: లోకంతో పాత సంబంధాలు

మామిడికుదురు మండలంలోని ఆదుర్రులో, వైనతేయ పాయ ఒడ్డున బౌద్ధ స్తూపం అవశేషాలున్నాయి. 18వ శతాబ్దంలో బెండమూర్లంక రేవులో ఇంగ్లీషు ఈస్టిండియా కంపెనీ వర్తకస్థానం నడిచింది. గౌతమికి ఆవలి వైపున్న కోరంగి రేవు నుంచి తెలుగు కూలీలు మారిషస్‌కూ, రంగూన్‌కూ ఓడలెక్కారు. ఆ రేవు పేరునుబట్టే అక్కడివాళ్ళు తెలుగువారిని కోరంగివాళ్ళన్నారు. 1942లో జపాన్ సేనలు బర్మాలోకి రావడంతో వేలాదిమంది తెలుగువాళ్ళు ప్రాణాలు అరచేతిలో పెట్టుకుని కాలినడకన తిరిగొచ్చారు.

గౌతమి వంతెన దాటితే వచ్చే యానాం మరో సజీవ పాఠం. 1954 వరకు అది ఫ్రెంచి పాలనలో ఉంది. భారత్, ఫ్రాన్స్ మధ్య 1956లో సంతకాలై 1962లో అమల్లోకి వచ్చిన ఒప్పందం, ఫ్రెంచి పౌరసత్వాన్ని నిలుపుకునే అవకాశం అక్కడి ప్రజలకు ఇచ్చింది. అందుకే తెలుగు మాట్లాడే కొన్ని కుటుంబాలు నేటికీ ఫ్రాన్స్ ఎన్నికల్లో ఓటు వేస్తున్నాయి. ఎదుర్లంకలో నిలబడి ఏటికి అడ్డంగా చూసే పిల్లవాడికి, పౌరసత్వం అనేది చరిత్ర గీసిన గీత అని చెప్పడానికి ఇంతకంటే దగ్గర ఉదాహరణ దొరకదు.

ధవళేశ్వరం ఆనకట్ట కూడా అలాంటిదే. 1852లో పూర్తయిన ఆ కట్టడంతో కోనసీమ మాగాణి అయింది. దాన్ని కట్టించిన సర్ ఆర్థర్ కాటన్‌ను డెల్టా రైతులు దేవుడిలా తలచుకుంటారు, ఊరూరా విగ్రహాలు నిలిపారు. పరాయి దేశస్థుణ్ణి తమవాడిగా చేసుకున్న మనసు అది. అదే ఆనకట్ట వల్ల కంపెనీ ప్రభుత్వానికి శిస్తు ఎంత పెరిగిందన్నది కూడా చరిత్రే. కృతజ్ఞతనూ ప్రశ్ననూ ఒకే పాఠంలో పెట్టగలిగినప్పుడే విమర్శనాత్మక ఆలోచన అలవడుతుంది.

పాఠాలుగా కోనసీమ జీవితం

*గోదావరి.* త్రయంబకేశ్వరం దగ్గర పుట్టి 1,465 కిలోమీటర్లు ప్రవహించే నది చివరి మజిలీ కోనసీమ. 1986 ఆగస్టు వరదలో ధవళేశ్వరం దగ్గర సుమారు 35 లక్షల క్యూసెక్కులు, 2022 జులైలో 25 లక్షలకు పైగా క్యూసెక్కులు సముద్రం దారి పట్టాయి. లంక గ్రామాల్లో పడవలే దిక్కయ్యాయి. మహారాష్ట్ర, తెలంగాణ, ఛత్తీస్‌గఢ్‌లలో కురిసిన వాన ఇక్కడి ఏటిగట్టును కోస్తుంది. ఎగువన ఆనకట్టల్లో ఒండ్రు ఆగిపోతే దిగువన తీరం సన్నబడుతుంది. 1996 నవంబరు 6 రాత్రి వచ్చిన తుపానులో తూర్పు గోదావరి తీరంలో వెయ్యిమందికి పైగా చనిపోయారు. కోట్లు చేసే కొబ్బరితోటలు నేలకొరిగాయి. సముద్రం వేడెక్కడం గురించి చెప్పే పాఠం ఇక్కడ అమ్మమ్మ జ్ఞాపకంతో మొదలుకావచ్చు.

*కొబ్బరి.* సర్పిలాకార తెల్లదోమ మధ్య అమెరికా ప్రాంతపు పురుగు. భారత్‌లో దాన్ని మొదట 2016లో గుర్తించారు. కొద్దికాలంలోనే అది గోదావరి జిల్లాల కొబ్బరికి పాకింది. మట్టల అడుగున తెల్లగా చుట్టలు చుట్టుకుని, కింది ఆకులమీద నల్లటి మసి పట్టేలా చేస్తుంది. అంబాజీపేటలోని ఉద్యాన పరిశోధన స్థానం దీనికి ఇసారియా అనే మేలుచేసే శిలీంధ్రాన్ని, పరాన్నజీవి పురుగులను వాడే పద్ధతిని రైతులకు నేర్పుతోంది. ఒక మట్టను తరగతి గదిలోకి తెస్తే చాలు. ఖండాంతర వర్తకం, మొక్కల రవాణాపై తనిఖీలు, విషపు మందులకు బదులు జీవనియంత్రణ అన్నీ ఆ మట్టమీదే కనిపిస్తాయి.

*వనామీ రొయ్య.* పసిఫిక్ మహాసముద్రపు అమెరికా తీరానికి చెందిన ఈ రొయ్య పెంపకానికి భారత్ 2009లో అనుమతించింది. ఉప్పలగుప్తం, కాట్రేనికోన, అల్లవరం ప్రాంతాల్లో చెరువులు పెరిగాయి. 2025 ఆగస్టులో అమెరికా భారత సరుకుపై సుంకాన్ని 50 శాతానికి పెంచినప్పుడు, ఎగుమతి ధర పడిపోతుందన్న భయం చెరువుగట్టు దాకా వచ్చింది. ఇంకోవైపు, చెరువు పక్కన వరిచేను చౌడుబారడం, మంచినీళ్ళు ఉప్పబడడం ఊళ్ళో తగవులవుతాయి. తీరంలో రొయ్యల సాగుపై 1996 డిసెంబరులో సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు, 2005 నాటి తీరప్రాంత ఆక్వాకల్చర్ అథారిటీ చట్టం ఈ తగవుల ఫలితాలే. లాభం ఎవరికి, నష్టం ఎవరికి అని లెక్క వేయించడం పదో తరగతి పిల్లలకు కష్టం కాదు.

*గ్యాసు.* 1995 జనవరి 8న పాశర్లపూడి దగ్గర చమురు బావి పేలి రెండు నెలలకు పైగా మండింది. ఆ మంటను అదుపు చేయడానికి అమెరికా నిపుణులు వచ్చారు. 2014 జూన్ 27 తెల్లవారుజామున నగరం అనే ఊళ్ళో గ్యాస్ పైపులైను పేలి ఇరవైమందికి పైగా చనిపోయారు. దేశానికి వెలుగిచ్చే ఇంధనం ఎవరి పెరట్లోనుంచి వెళుతోంది, ప్రమాదపు భారం ఎవరు మోస్తున్నారు అన్న ప్రశ్న భౌతికశాస్త్రానికీ పౌరశాస్త్రానికీ ఉమ్మడి.

*గల్ఫ్ వలస.* రాజోలు, మలికిపురం, సఖినేటిపల్లి, మామిడికుదురు, అమలాపురం ప్రాంతాలనుంచి వేలాదిమంది స్త్రీలు కువైట్, ఒమన్, బహ్రెయిన్, ఖతార్‌లకు ఇంటిపనికి వెళుతున్నారు. ఏజెంటు, ఖద్దామా (ఇంటిపని) వీసా, అకామా (నివాస అనుమతి), కఫీల్ (పూచీ ఉండే యజమాని) అన్న మాటలు ఇక్కడి ఇళ్ళలో నిత్యం వినిపిస్తాయి. అమ్మ పంపే డబ్బుతో చదువుకుంటూ అమ్మమ్మ దగ్గర పెరిగే పిల్లలు ప్రతి తరగతిలోనూ ఉంటారు. వీళ్ళకు ప్రపంచం పుస్తకంలోని పటం కాదు, రాత్రిపూట వచ్చే వీడియో కాల్.

ఈ విషయంలో బడి చెప్పవలసినవి చాలా ఉన్నాయి. 1983 నాటి వలసల చట్టం కింద, పదో తరగతి పాస్ కానివాళ్ళు గల్ఫ్‌తో సహా 18 దేశాలకు పనికి వెళ్ళాలంటే ప్రభుత్వ అనుమతి తీసుకోవాలి. ఈ అనుమతి తప్పనిసరి అయిన పాస్‌పోర్టు ఉన్న స్త్రీలకు 30 ఏళ్ళు నిండితేనే అది ఇస్తారు. లైసెన్సు ఉన్న ఏజెంట్ల వివరాలు ఈ-మైగ్రేట్ పోర్టల్లో ఉంటాయి. విజిటింగ్ వీసాపై పంపుతానన్న ఏజెంటును నమ్మకూడదు. కువైట్ 2015లో చేసిన ఇంటిపనివాళ్ళ చట్టం రోజుకు 12 గంటలకు మించి పని చేయించకూడదనీ, వారానికో సెలవు ఇవ్వాలనీ, యజమాని పాస్‌పోర్టు దగ్గర పెట్టుకోకూడదనీ చెబుతోంది. ఇంటిపనివాళ్ళ హక్కులపై అంతర్జాతీయ కార్మిక సంస్థ 2011లో 189వ ఒడంబడికను ఆమోదించింది. భారత్ దాన్ని ఇంకా ధ్రువీకరించలేదు. పరాయి దేశంలో మన అమ్మకు ఏ హక్కులు కావాలని కోరుకుంటామో, మన ఇంట్లో పనిచేసే మనిషికి అవి ఇస్తున్నామా అన్న ప్రశ్న వేసుకున్న తరగతి గది ఈ విద్యలో చాలా దూరం వచ్చినట్టే.

ఉమ్మడి చర్య: రెండు ఉదాహరణలు

ప్రపంచ పౌరసత్వ విద్యలో మూడో రంగం నడవడిక. తెలుసుకున్నాక ఏం చేయాలి? కోనసీమ చరిత్రలో దీనికి రెండు భిన్నమైన ఉదాహరణలున్నాయి.

2011 ఖరీఫ్‌లో గిట్టుబాటు ధర లేక, పెట్టుబడులు పెరిగి, మురుగు కాలువలు పూడిపోయి విసిగిన రైతులు పంట విరామం ప్రకటించారు. దాదాపు లక్ష ఎకరాల్లో నాట్లు పడలేదు. రాష్ట్ర ప్రభుత్వం మోహన్ కందా నాయకత్వంలో కమిటీ వేసింది. దేశమంతా ఈ సీమ వైపు చూసింది. శాంతియుతంగా, కలిసికట్టుగా జరిగిన నిరసన అది. కానీ నాట్లు లేకపోతే కూలి ఉండదు. ఆ ఏడాది భూమి లేని కుటుంబాల పొయ్యి ఎలా వెలిగిందన్న ప్రశ్నను కూడా పాఠంలో చేర్చాలి.

రెండోది బాధాకరమైనది. 2022 ఏప్రిల్ 4న 22 మండలాలతో కోనసీమ జిల్లా ఏర్పడింది. దానికి డాక్టర్ బి.ఆర్. అంబేద్కర్ కోనసీమ జిల్లా అని పేరు పెడుతూ మే 18న ప్రాథమిక నోటిఫికేషన్ వచ్చింది. దాన్ని వ్యతిరేకిస్తూ మే 24న అమలాపురంలో జరిగిన ప్రదర్శన హింసగా మారింది. ఒక మంత్రి ఇల్లు, ఒక శాసనసభ్యుడి ఇల్లు, బస్సులు తగులబడ్డాయి. వాట్సాప్ గ్రూపుల ద్వారా జనాన్ని కూడగట్టారని పోలీసులు చెప్పారు. కొన్ని రోజులు జిల్లాలో ఇంటర్నెట్ ఆపేశారు. నిందితుల్లో యువకులు చాలామంది ఉన్నారు. చివరికి ఆగస్టులో ఆ పేరే ఖాయమైంది.

అభ్యంతరాలు తెలపడానికి 30 రోజుల గడువు ఉన్నప్పుడు, రాతపూర్వకంగా చెప్పుకునే దారి తెరిచి ఉన్నప్పుడు, మంటల దారి ఎందుకు ఎంచుకున్నారన్నది ఈ సీమలోని ప్రతి విద్యావంతుడూ వేసుకోవలసిన ప్రశ్న. కొలంబియా విశ్వవిద్యాలయంలో, లండన్ స్కూల్ ఆఫ్ ఎకనామిక్స్‌లో చదివి, స్వేచ్ఛ, సమానత్వం, సౌభ్రాత్రం అన్న మాటలను మన రాజ్యాంగ పీఠికకు చేర్చిన తరానికి నాయకుడు అంబేద్కర్. ఆయన పేరు వినగానే మనవాడా పరాయివాడా అన్న ఆలోచన వచ్చే చోట, ప్రపంచ పౌరసత్వం గురించి ఎన్ని వ్యాసరచన పోటీలు పెట్టినా అవి గాలిలో మాటలే. అక్షరాస్యత ఒకటి, సహజీవనం మరొకటి. మొదటిది వస్తే రెండోది దానంతట అదే రాదని 2022 మే చూపించింది.

తరగతి గదిలో ఆచరణ

ఈ విద్యకు ఖరీదైన సామగ్రి అక్కర్లేదు. అనుభవంలో పనికొచ్చే పద్ధతులు ఇవి.

ప్రశ్నతో ఊరు తిరగడం: మురుగు కాలువ వెంట నడిచి, నీరు ఎక్కడ పుట్టి ఎక్కడ కలుస్తుందో పటం గీయడం. కొబ్బరి దింపు కార్మికుణ్ణి, పీచు పరిశ్రమలో పనిచేసే స్త్రీని, బండారులంక నేతకారుణ్ణి కలిసి వాళ్ళ సరుకు ఎంతదూరం వెళుతుందో, కూలి ఎంత మిగులుతుందో రాసుకోవడం.

పుకారును పరీక్షించడం: ఫోనులో వచ్చిన సందేశం ఎవరు రాశారు, ఎప్పటిది, ఎవరిని రెచ్చగొడుతోంది అని అడిగే అలవాటు. కోనసీమ అనుభవం దృష్ట్యా ఇది అన్నిటికంటే అత్యవసరం.

ఇరుపక్షాల వాదం: రొయ్యల చెరువు యజమానిగా ఒకరు, పక్క వరి రైతుగా ఒకరు, మంచినీళ్ళ బిందె మోసే స్త్రీగా ఒకరు మాట్లాడడం. తర్వాత పాత్రలు మార్చుకోవడం.

బడిలో ప్రజాస్వామ్యం: బాలల సంఘాలు, తరగతి ప్రతినిధుల ఎన్నిక, జాతీయ హరిత దళం, జూనియర్ రెడ్‌క్రాస్, స్కౌట్స్. 2025 నవంబరు 26న రాజ్యాంగ దినోత్సవం సందర్భంగా అమరావతిలో జరిగిన విద్యార్థుల మాక్ అసెంబ్లీ లాంటివి ప్రతి ఉన్నత పాఠశాలలో జరగవచ్చు. అన్నిటికంటే ముఖ్యం, ఎవరి పక్కన ఎవరు కూర్చుంటున్నారో గమనించే ఉపాధ్యాయుడు. మధ్యాహ్న భోజనంలో పిల్లలు పేటలవారీగా గుంపులు కడుతుంటే, ఆ పూట పాఠం అక్కడే ఉంది.

విదేశాల్లో అమ్మ ఉన్న పిల్లల అనుభవాన్ని పాఠంగా వాడేటప్పుడు జాగ్రత్త కావాలి. ఆ పిల్లవాణ్ణి లేపి నిలబెట్టి కథ చెప్పించకూడదు. చెప్పాలనిపించినప్పుడు చెప్పే చనువు ఉంటే చాలు.

ఉపాధ్యాయ శిక్షణ, మూల్యాంకనం

విధానానికీ తరగతికీ మధ్య వంతెన ఉపాధ్యాయుడు. ఉమ్మడి తూర్పు గోదావరి జిల్లాకు బొమ్మూరులోని డైట్ (జిల్లా విద్యా శిక్షణ సంస్థ) ప్రధాన శిక్షణ కేంద్రం. వృత్త్యంతర శిక్షణలో ఎక్కువ సమయం పాఠ్యపుస్తకాలకు, యాప్‌లకు, పరీక్షా ఫలితాలకు పోతుంది. కులం, మతం, స్త్రీపురుష భేదం వంటి వివాదాస్పద అంశాలు తరగతిలో వచ్చినప్పుడు ఎలా మాట్లాడాలో నేర్పే శిక్షణ తక్కువ. ఊళ్ళో పెద్దమనుషులకు కోపం వస్తుందేమోనన్న భయంతో ఉపాధ్యాయులు మౌనం వహిస్తే, ఆ ఖాళీని వాట్సాప్ నింపుతుంది.

మూల్యాంకనంలో రాష్ట్రానికి ఒక మంచి పునాది ఉంది. నిర్మాణాత్మక మూల్యాంకనంలో పిల్లల భాగస్వామ్యం, రాతపనులు, ప్రాజెక్టు పని, లఘుపరీక్ష అనే నాలుగు సాధనాలున్నాయి. ప్రాజెక్టు పని ఊరి సమస్యల అధ్యయనానికి తగిన చోటు. కానీ చాలాచోట్ల అది దుకాణంలో కొన్న చార్టుగా, గైడు చూసి రాసిన నాలుగు పేజీలుగా మిగిలింది. పదో తరగతి ఫలితాల పోటీలో, మార్కులు రాని పని ఏదైనా వెనక్కు పోతుంది. సున్నితత్వాన్ని మార్కులతో కొలవలేం, నిజమే. కానీ ప్రశ్నించడాన్ని, ఆధారం చూపడాన్ని, ఎదుటి పక్షాన్ని న్యాయంగా వివరించడాన్ని కొలవవచ్చు.

విమర్శలు

ఈ విద్యపై మూడు ప్రధాన విమర్శలున్నాయి. మొదటిది, ఇది సంపన్నదేశాల చూపుతో పుట్టిందన్నది. పేదలపై జాలి నేర్పే మెత్తని పద్ధతికీ, పేదరికం ఎలా తయారైందని అడిగే విమర్శనాత్మక పద్ధతికీ ఉన్న తేడాను విద్యావేత్త వెనెస్సా ఆండ్రియోటి 2006లో వివరించింది. వరద వచ్చినప్పుడు బట్టలు పంచడం మంచిదే. లంకవాసులే ఎందుకు ప్రతిసారీ మునుగుతున్నారని అడగడం రెండో పద్ధతి.

రెండోది, దేశభక్తి పలుచనవుతుందన్న అనుమానం. కానీ మన రాజ్యాంగం దేశ సమైక్యతను, అంతర్జాతీయ శాంతిని రెండింటినీ కోరింది. తన నేలను ప్రేమించేవాడికే ఇంకొకడి నేల విలువ తెలుస్తుంది.

మూడోది, ఇది ఫీజులు కట్టగలిగిన ఇంటర్నేషనల్ స్కూళ్ళ అలంకారంగా మారుతోందన్నది. ఐక్యరాజ్యసమితి నమూనా సమావేశాలు, విదేశీ మార్పిడి కార్యక్రమాలు కొద్దిమందికే దక్కుతున్నాయి. ఈ విమర్శ న్యాయమైనది. విదేశాలకు మనుషులను ఎక్కువగా పంపుతున్నది జిల్లా పరిషత్ బడుల పక్కనున్న ఇళ్ళే కనుక, ఈ విద్య అవసరం అక్కడే ఎక్కువ.

ప్రస్తుత స్థితి

4.7 లక్ష్యం అడిగే నాలుగు ప్రశ్నలకు కోనసీమ నుంచి వచ్చే జవాబు ఇది: విధానంలో ఉంది. పాఠ్యపుస్తకంలో కొంత ఉంది. ఉపాధ్యాయ శిక్షణలో అరకొరగా ఉంది. పరీక్షలో దాదాపు లేదు. చేయవలసిన పని కూడా దీనినిబట్టే తెలుస్తుంది. గోదావరి, కొబ్బరి, రొయ్య, గ్యాసు, గల్ఫ్ అన్న ఐదు విషయాలపై స్థానిక ఉపాధ్యాయులే తెలుగులో తయారుచేసే ఒక పాఠ్యవనరు, వివాదాంశాల బోధనపై ఏటా శిక్షణ, ప్రాజెక్టు పనికి నిజమైన విలువ, సురక్షిత వలసపై తొమ్మిది, పది తరగతుల్లో కొన్ని పీరియడ్లు. వీటికి కొత్త చట్టం అవసరం లేదు.

పదో తరగతి సర్టిఫికెట్టుతో కోనసీమ పిల్లల పాస్‌పోర్టు రకం మారుతుంది, ఆ ప్రభుత్వ అనుమతి అక్కర్లేకుండానే గల్ఫ్‌కు వెళ్ళే వీలు కలుగుతుంది. ఆ సర్టిఫికెట్టు ఇచ్చే బడి, తన హక్కు ఏమిటో, ఎదుటివాళ్ళ హక్కు ఏమిటో కూడా తెలిసిన మనిషిని పంపగలిగితే, ప్రపంచ పౌరసత్వ విద్య అమలాపురంలో అమలైనట్టు లెక్క.